తలుపు మూయడానికి కాగితం అక్కర్లేదు

"చదువుకోండి, ప్రతిభ చూపించండి, మిమ్మల్ని ఎవడాపుతాడు?" మన పిల్లలకు ఈ నీతి చెప్పని అగ్రకుల మేధావి లేడు. 1990లో మండల్ కమిషన్ అమలు అనగానే నడిరోడ్డు మీద బూట్లు తుడిచి, చీపుర్లు పట్టి, ప్రతిభ చచ్చిపోయిందని ఏడ్చినోళ్ళు వీళ్ళే. మన అమ్మానాన్నల పని వాళ్ళకు ఎగతాళి అయిందని మనం మర్చిపోలేదు. సరే, వాళ్ళ మాటే పట్టుకుందాం. ప్రతిభ చూపించినవాడికి ఏం జరిగిందో చూద్దాం.

అమెరికాలో ఒక నల్లాయన ఉండేవాడు. షికాగోలో మంగలి పని చేసుకుని పిల్లల్ని సాకాడు. 1894లో పుట్టిన కొడుక్కి ఫ్రెడరిక్ డగ్లస్ పొలార్డ్ అని పేరు పెట్టుకున్నాడు. ఫ్రెడరిక్ డగ్లస్ అంటే బానిసగా పుట్టి, దొర చెర నుంచి పారిపోయి, బానిసత్వం మీద జీవితాంతం పోరాడిన మహానాయకుడు. మన వాడల్లో బిడ్డకు అంబేద్కర్ పేరు పెట్టుకుంటామే, అదే లెక్క. ఊళ్ళో మాత్రం ఆ పిల్లాణ్ణి ఫ్రిట్జ్ అని పిలిచారు.

పొలార్డ్ ఆడింది అమెరికా ఫుట్‌బాల్. మనం కాలితో తన్నే ఆట కాదది. కోడిగుడ్డులా కోలగా ఉండే బంతిని చంకలో పెట్టుకుని పరిగెత్తాలి. ఎదుటి జట్టు వాళ్ళు చెడుగుడులో పట్టినట్టు మీద పడి పట్టి కింద పడేస్తారు. పొలార్డ్ పొట్టివాడు. కొండల్లాంటి తెల్లోళ్ళ మధ్య నుంచి పాదరసంలా జారిపోయేవాడు. బ్రౌన్ యూనివర్సిటీ జట్టులో చేరి, 1916 జనవరి 1న కాలిఫోర్నియాలో రోజ్ బౌల్ అనే పేరున్న పోటీ ఆడాడు. ఆ పోటీలో దిగిన మొదటి నల్ల ఆటగాడు అతనే. అక్కడ హోటలోడు ఇతనికి గది ఇవ్వనన్నాడు. జట్టంతా వెళ్ళిపోతామంటేనే దారికొచ్చాడు. అదే ఏడాది నవంబరులో వారం తేడాతో యేల్‌ను 21-6తో, హార్వర్డ్‌ను 21-0తో బ్రౌన్ జట్టు ఓడించింది. ఆ రెండూ అమెరికా తెల్ల దొరల బిడ్డలు చదివే పెద్ద యూనివర్సిటీలు. రెండింటినీ పరిగెత్తించినవాడు మంగలి కొడుకు.

ఇక్కడ ఒక సంగతి చెప్పుకోవాలి. పొలార్డ్ బ్రౌన్‌లో ఆడుతున్న 1915లో మన బాబాసాహెబ్ అక్కడికి దగ్గర్లోనే, న్యూయార్క్‌లోని కొలంబియా యూనివర్సిటీలో చదువుతున్నారు. కులం ఎట్లా పుట్టిందో, ఎట్లా నడుస్తుందో విప్పి చెప్పే పత్రాన్ని 1916 మే నెలలో అక్కడే చదివారు. కులం నడిచే తీరు తెలిసినోళ్ళకు పొలార్డ్ కథలో మిగతాదేమీ కొత్తగా అనిపించదు.

1919లో పొలార్డ్ ఒహైయో రాష్ట్రంలో అక్రాన్ అనే ఊరి జట్టులో జీతానికి చేరాడు. అది రబ్బరు టైర్ల ఫ్యాక్టరీల ఊరు. తోటి ఆటగాళ్ళతో కలిసి బట్టలు మార్చుకోనివ్వలేదు. జట్టు యజమానికి చుట్టల కొట్టు ఉంటే అందులో మార్చుకుని మైదానానికి వచ్చేవాడు. మన దగ్గర టీ కొట్లో రెండు గ్లాసులు పెట్టారు, అక్కడ రెండు గదులు పెట్టారు. మైదానంలో కింద పడితే, ఆట ఆగాక కూడా మీద పడి తొక్కేవాళ్ళు. అందుకని పడగానే వెల్లకిలా తిరిగి, మేకుల బూట్లున్న కాళ్ళను సైకిల్ తొక్కినట్టు గాల్లో ఆడించేవాడు. ఇక ఎవడొస్తాడు మీదికి?

1920లో పెద్ద లీగ్ పుట్టింది. నేషనల్ ఫుట్‌బాల్ లీగ్ అని ఈనాడు కోట్లకు కోట్లు సంపాదించేది అదే. మొదటి ఏడాది ఒక్క ఆట కూడా ఓడకుండా గెలుపు ఎత్తుకెళ్ళింది పొలార్డ్ ఉన్న అక్రాన్ జట్టు. 1921లో జట్టును నడిపే కోచ్ పని కూడా అతని చేతికొచ్చింది. ఆ లీగ్‌లో మొదటి నల్ల కోచ్ అతను. పాల్ రోబ్సన్ పేరు మనలో చాలామంది విన్నారు. నల్లజాతి గొంతుగా లోకమంతా పాడిన ఆ మహాగాయకుడు కూడా ఆ ఏడు పొలార్డ్ పక్కన అక్రాన్‌లో ఆడినవాడే.

ప్రతిభ చూపించారు కదా! మరేమైంది?

1920 నుంచి 1933 దాకా లీగ్‌లో ఆడిన నల్లవాళ్ళు మొత్తం 13 మంది. 1934లో ఒక్కడూ లేడు. 1945 దాకా ఒక్కడూ లేడు. 12 ఏళ్ళు! ఆర్థిక మాంద్యం వచ్చింది, తెల్లోళ్ళకే పని లేదు, నల్లోళ్ళకెందుకని యజమానులు లోలోపల అనుకున్నారు. నల్లోళ్ళు రాకూడదని ఎక్కడా రాసుకోలేదు. అడిగితే నిషేధం ఏదీ లేదన్నారు. నిజమే, కాగితం లేదు. మన వాడ బిడ్డను గుళ్ళోకి రావద్దని కూడా ఈనాడు ఏ కాగితమూ చెప్పదు. రానిస్తున్నారా?

పొలార్డ్ ఊరుకోలేదు. నల్లవాళ్ళతో సొంత జట్లు కట్టి ఊరూరా తిప్పాడు. న్యూయార్క్‌లో పత్రిక నడిపాడు. ఆడి చూపించాడు, నేర్పి చూపించాడు, రాసి చూపించాడు. అయినా ఆ తలుపు తెరుచుకోలేదు.

మరి 1946లో ఎట్లా తెరుచుకుంది? అన్నలారా, అక్కలారా, మన సంఘాల వాళ్ళు గట్టిగా పట్టుకోవాల్సిన ముక్క ఇదే. ఆ ఏడు రామ్స్ అనే జట్టు లాస్ ఏంజెలెస్‌కు వచ్చి అక్కడి పెద్ద స్టేడియం కావాలంది. ఆ స్టేడియం ప్రజల సొత్తు. నల్లజాతి పత్రికల వాళ్ళు నేరుగా స్టేడియం కమిటీ ముందు నిలబడ్డారు. మా పన్నుల డబ్బు కూడా ఉన్న చోట మా పిల్లలకు చోటు లేకుండా ఎట్లా ఇస్తారని నిలదీశారు. దాంతో రామ్స్ వాళ్ళు కెన్నీ వాషింగ్టన్‌ను తీసుకోక తప్పలేదు. 1939లో దేశంలోని కాలేజీ ఆటగాళ్ళలో మేటి అనిపించుకున్నా ఏ జట్టూ తీసుకోని మనిషి అతను. పిలిచేనాటికి 27 ఏళ్ళు, మోకాళ్ళు దెబ్బతిన్నాయి. మూడేళ్ళు ఆడి మానేశాడు. అతని మంచి వయసు ఎవరు తిన్నట్టు?

రాజధాని వాషింగ్టన్ జట్టు యజమాని ఇంకా మొండివాడు. 1961 దాకా ఒక్క నల్ల ఆటగాణ్ణీ ఆడనివ్వలేదు. కొత్త స్టేడియం కేంద్ర ప్రభుత్వ భూమిలో ఉంది, నల్లవాళ్ళను తీసుకోకపోతే అందులో ఆడనివ్వమని ప్రభుత్వం మెడ మీద కూర్చుంటే 1962లో దిగొచ్చాడు. మనసు మారి కాదు, భూమి పోతుందని.

ఆటగాళ్ళను రానిచ్చినా అధికారం ఇవ్వలేదు. 1921లో పొలార్డ్ కోచ్ అయితే, పొలార్డ్ తర్వాత ఇంకో నల్ల హెడ్ కోచ్ రావడానికి 1989 దాకా పట్టింది. కోచ్ పదవికి మైనారిటీల నుంచి కనీసం ఒక్కరినైనా ఇంటర్వ్యూకు పిలవాలని 2003లో రూల్ పెట్టుకున్నారు. ఆ ఇంటర్వ్యూలు ఉత్త నాటకమని బ్రయాన్ ఫ్లోరెస్ అనే నల్ల కోచ్ 2022లో కోర్టుకెక్కాడు. 1963లో ఒహైయోలోనే ఆటగాళ్ళ గౌరవ మందిరం తెరిచారు. పొలార్డ్ ఆ తర్వాత 23 ఏళ్ళు బతికాడు. 1986లో చనిపోయాడు. అతనికి అందులో చోటిచ్చింది 2005లో!

ఇప్పుడు మన సంగతికొద్దాం. ప్రభుత్వ ఉద్యోగాలు తరిగిపోతున్నాయి. పెరిగేవి ప్రైవేటు కొలువులు. అక్కడ మనకు రిజర్వేషన్ లేదు. అడిగితే మా కంపెనీ మా ఇష్టం, ప్రతిభే కొలబద్ద అంటారు. కానీ ఆ కంపెనీలు ఎవరి భూమిలో లేచాయి? ప్రభుత్వం ఎన్నిచోట్ల మన అసైన్డ్ భూములే లాక్కుని వాళ్ళకు కట్టబెట్టలేదు? కరెంటులో, పన్నుల్లో రాయితీ ఇచ్చింది ఎవరి సొమ్ము?

ప్రతిభను నిరూపించుకోవడంతోనే మన తరాలు అరిగిపోకూడదు. మన ప్రాంతంలో ఏ కంపెనీకి ఎన్ని ఎకరాలు ఇచ్చారు, ఏం షరతులు పెట్టారు, సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి లాగుదాం. మనవాళ్ళు ఎంతమంది పర్మినెంటు ఉద్యోగాల్లో ఉన్నారో, ఎంతమంది గేటు దగ్గర, చీపురు దగ్గర ఆగిపోయారో వాడవాడా తిరిగి లెక్క రాద్దాం. ఆ రెండు కాగితాలు పక్కపక్కన పెట్టి కలెక్టర్ ముందు కూర్చుందాం. వాళ్ళు తలుపు మూసింది కాగితం లేకుండానే. మనం తెరిపించేది మాత్రం కాగితం చేతబట్టుకునే.

జై భీమ్!