జపాను పాట వచ్చినప్పుడు తెలుగు మాట రాదా?

పిల్లలూ,

మన బడిలో ఎనిమిదో తరగతి చదివే ఒక అమ్మాయి ఒక జపాను పాటను మొదటి నుంచి చివరి దాకా చూడకుండా పాడుతుంది. పాట పేరు 'అఓయి సంగోషో'. అంటే నీలి పగడపు దిబ్బ. సేకో మత్సుదా అనే గాయని 1980లో పాడింది. అప్పుడామె వయసు 18. ఆ ఏడాది ఆగస్టులో వచ్చిన ఆమె మొదటి ఆల్బమ్ 'స్క్వాల్'లో ఈ పాట ఉంది. నలభై ఏళ్ళు దాటిన పాట రాయపూర్ దాకా ఎలా వచ్చిందంటారా? 2024 జూన్‌లో న్యూజీన్స్ బృందంలోని హన్ని దాన్ని టోక్యో డోమ్‌లో మళ్ళీ పాడింది. ఆ వీడియో చూసిన మన అమ్మాయి అసలు పాటను వెతుక్కుంది. ఒక్క పాటతో ఆగకుండా ఆల్బమ్ అంతా వింది.

అదే అమ్మాయి, విజయనగరం నుంచి అమ్మమ్మ ఫోన్ చేస్తే హిందీలో జవాబిస్తుంది. అమ్మమ్మకు హిందీ రాదు. వాళ్ళమ్మ మధ్యలో కూర్చుని ఇటు మాట అటు, అటు మాట ఇటు చేరవేయాలి. "ఎక్కడిదో జపాను భాష నోటికొచ్చింది, ఇంట్లో భాష రాలేదు, చూడండి మేడమ్" అని ఆవిడ నా దగ్గర బాధపడింది. నేనూ తలూపాను. తర్వాత ఆ అమ్మాయినే అడిగాను, ఎందుకిలా అని.

"జపనీస్ తప్పు పాడితే ఎవరూ నవ్వరు మేడమ్" అంది.

ఆ మాట నాకు గుచ్చుకుంది. ఎందుకంటే నవ్వినవాళ్ళలో నేనూ ఉన్నాను. ఒకరోజు ఆ అమ్మాయి "నేను వచ్చింది" అంది. "వచ్చాను" అనాలని చెప్పడానికి ముందే నాకు నవ్వొచ్చేసింది. నన్ను చూసి తరగతంతా నవ్వింది. ఆ తర్వాత చాలా రోజులు ఆమె తెలుగు గంటలో నోరు విప్పలేదు.

అందుకే నా అభిప్రాయం చెబుతున్నాను. జపాను పాట తెలుగుకు అడ్డం కాదు. మన నవ్వే అడ్డం. జపాన్‌లో ఇలాంటి యువ గాయనులను 'ఐడోరు' అంటారు. మొదటి రోజే వాళ్ళు అన్నీ వచ్చిన విద్వాంసులై ఉండాలని అభిమానులు పట్టుబట్టరు. తమ కళ్ళముందు ఒక్కో మెట్టూ ఎక్కుతుంటే చూసి సంతోషిస్తారు. బదిలీల మీద ఊళ్ళు తిరిగే పిల్లలు తెలుగు నేర్చుకుంటుంటే మనం కూడా అలాగే చూడలేమా?

ఇంకో సంగతి. ఆ పాటను తెలుగు అక్షరాల్లో రాయమన్నాను. చకచకా రాసేసింది. అందులో వింతేమీ లేదు. జపాను అక్షరమాలలో అచ్చులు అ, ఇ, ఉ, ఎ, ఒ. తర్వాత క, స, త, న, హ, మ, య, ర, వ. మన వరసలాగే ఉంది కదూ! సంస్కృతం కోసం అక్కడి బౌద్ధ భిక్షువులు మన దేశపు సిద్ధం లిపిని నేర్చుకున్నారు. ఈ వరస ఆ చదువు చలవే. తెలుగు మాటల్లాగే జపాను మాటలూ ఎక్కువగా అచ్చుతో ముగుస్తాయి. మన 'పుస్తకం' చివర సున్న ఉన్నట్టు, వాళ్ళకూ సున్నలాంటి ఒక్క అక్షరం ఉంది. ఇంగ్లీషు బస్ మనకు బస్సు, వాళ్ళకు బసు. కప్ మనకూ కప్పే, వాళ్ళకూ కప్పే. పేజ్ ఇక్కడా పేజీ, అక్కడా పేజీ. 'స్క్వాల్' పాటలు పలికిన నాలుకకు తెలుగు తిరగదంటే నేను నమ్మను.

సినిమా పాటలు కాకుండా తెలుగులో అలాంటి ఆల్బమ్‌లు ఉన్నాయా అని మీరు అడగవచ్చు. ఉన్నాయి. నా చిన్నప్పుడు, 2000లో, విజయవాడ అమ్మాయి స్మిత 'హాయ్ రబ్బా' అనే పాప్ ఆల్బమ్ తెచ్చింది. 'పాడుతా తీయగా'లో పాడి వచ్చిన గాయని ఆమె. రబ్బా అన్నది పంజాబీ మాట. అయినా అది తెలుగు ఆల్బమే. మీ మాటల్లో కాస్త హిందీ, కాస్త ఛత్తీస్‌గఢీ కలిస్తే అది మాత్రం తెలుగు కాకుండా పోతుందా?

పెద్దలకు ఒక మనవి. పిల్లలు తప్పు మాట్లాడినప్పుడు నవ్వకండి. సరైన మాటను మీ జవాబులో కలిపి చెప్పండి, చాలు. "నేను వచ్చింది" అంటే "ఓహో, నువ్వు వచ్చావా?" అనండి. వాళ్ళే దిద్దుకుంటారు.

పిల్లలూ, మీకూ ఒక పని. మీకు నచ్చిన తెలుగు పాట ఒకటి ఎంచుకుని, ఆ జపాను పాటను విన్నట్టే పదిసార్లు వినండి. వినబడినట్టే తెలుగులో రాయండి. అర్థం కాని మాటలుంటే గుండ్రంగా గీత గీసి, వాటి అర్థం అమ్మమ్మకో తాతయ్యకో ఫోన్ చేసి అడగండి. మీ తెలుగులోనే అడగండి, ఎలా వస్తే అలా.

రాసింది నాకు తెచ్చి చూపించండి. ఈసారి ఎర్ర సిరా పట్టుకోను. నవ్వను కూడా.