వేలమంది చూశారు, సాక్షి ఒక్కరూ లేరు!

అమెరికా దక్షిణాది రాష్ట్రాల పాత మరణ విచారణ పత్రాల్లో ఒక మాట పదేపదే కనిపిస్తుంది. ఫలానా వ్యక్తి 'గుర్తు తెలియని వ్యక్తుల చేతిలో' మరణించాడని! పట్టపగలు, ఊరి నడుమ, వేలాది జనం చూస్తుండగా ఒక నల్లజాతి మనిషిని చెట్టుకు ఉరి తీసేవారు. ఆ దృశ్యాన్ని ఫొటో తీసి పోస్టుకార్డులుగా అమ్ముకునేవారు. ఫొటోలో ముఖాలు స్పష్టంగానే ఉండేవి. అయినా హంతకులు 'గుర్తు తెలియనివారే'. ఇంతకన్నా దారుణమైన అబద్ధం ఏముంటుంది?

దీనినే లించింగ్ అంటారు. గుంపే న్యాయమూర్తి, గుంపే తలారి. టస్కెగీ విద్యాసంస్థ లెక్కల ప్రకారం 1882 నుంచి 1968 వరకు 4,743 మంది ఇలా బలయ్యారు. వారిలో 3,446 మంది నల్లజాతివారు. 1865లో బానిసత్వం రద్దయినా, నల్లవారు ఓటు వేయకుండా, వ్యాపారంలో ఎదగకుండా భయపెట్టి అణచి ఉంచడానికి ఇదొక ఆయుధమైంది.

1892లో మెంఫిస్ నగరంలో కిరాణా దుకాణం నడుపుకునే ముగ్గురు నల్లవారిని గుంపు జైలు నుంచి ఈడ్చుకెళ్లి కాల్చి చంపింది. వారి స్నేహితురాలు, పత్రికా సంపాదకురాలు ఐడా బి. వెల్స్ ఊరుకోలేదు. ఇలాంటి హత్యలపై స్వయంగా విచారణ జరిపి, మోపిన నేరాలు చాలావరకు సాకులేనని రాసింది. గుంపు ఆమె పత్రికా కార్యాలయాన్ని ధ్వంసం చేసింది. ఆమె కలం మాత్రం ఆగలేదు.

1955 ఆగస్టులో మిసిసిపీలో 14 ఏళ్ల ఎమ్మెట్ టిల్ హత్యకు గురయ్యాడు. దుకాణంలో ఒక తెల్ల స్త్రీ పట్ల అనుచితంగా ప్రవర్తించాడన్నది ఆరోపణ. లోకమంతా చూడాలని తల్లి మామీ టిల్ శవపేటికను తెరిచే ఉంచింది. అబ్బాయి తాత వరస అయిన మోజెస్ రైట్ ప్రాణాలకు తెగించి, నిండు కోర్టులో నిందితులను వేలెత్తి చూపాడు. అందరూ తెల్లవారే ఉన్న జ్యూరీ గంట దాటగానే వారిని విడిచిపెట్టింది. 1956లో ఆ ఇద్దరూ తామే చంపామని ఒక పత్రికకు చెప్పారు. ఒకసారి నిర్దోషులుగా తేలినవారిని అదే నేరానికి మళ్లీ విచారించే వీలు లేకపోయింది.

లించింగ్‌ను కేంద్ర నేరంగా ప్రకటించాలని తొలి బిల్లు 1900లో వచ్చింది. 1922లో దిగువ సభ మరో బిల్లును ఆమోదించినా సెనేట్‌లో అడ్డుకున్నారు. 2005లో సెనేట్ క్షమాపణ చెప్పింది. ఎమ్మెట్ టిల్ పేరుతో చట్టం వచ్చింది మాత్రం 2022లో. అంటే 122 ఏళ్లు!

చట్టం కన్నా ముందే, 2018లో, అలబామాలోని మాంట్‌గోమరీలో స్మారక స్థలం వెలిసింది. న్యాయవాది బ్రయన్ స్టీవెన్సన్ సంస్థ దానిని నిర్మించింది. అక్కడ 800కు పైగా ఉక్కు స్తంభాలు వేలాడుతున్నాయి. ఒక్కో స్తంభం ఒక్కో కౌంటీది. దానిపై అక్కడ బలైనవారి పేర్లు చెక్కారు. హత్యలు జరిగిన చోట్ల మట్టిని సీసాల్లో సేకరించి, పేర్లు రాసి భద్రపరిచారు.

పాత గాయాలను కెలకడం ఎందుకని కొందరంటారు. టిల్ శవం దొరికిన నది ఒడ్డున పెట్టిన బోర్డును పదేపదే తూటాలతో తూట్లు పొడిచారు. చివరకు 2019లో తూటాలకు చెదరని బోర్డు పెట్టవలసి వచ్చింది. గాయం పాతదైతే ఈ తూటాలెందుకు?

చనిపోయినవారిని ఏ చట్టమూ తిరిగి తేలేదు. హంతకుల్లో అనేకులు శిక్ష పడకుండానే కన్నుమూశారు. ఇక మిగిలింది సాక్ష్యం, మన ఇళ్లలో అనే గవాహీ. ఆనాడు వేలమంది దాచిన గవాహీని నేడు ఆ మట్టి ఇస్తోంది.