మంచం కింద ప్రేమకథ

తొలిచూపు, పెద్దలు కాదనడం, ఆఖర్న పెళ్లి. చాలా ప్రేమకథలు ఇక్కడితో సరి. శుభం పలికాక ఆ ఇంట్లో ఏం జరుగుతుందో ఎవరూ చెప్పరు. విజయనగరం వాడైన గురజాడ అప్పారావు మాత్రం సరిగ్గా అక్కడే కథ మొదలెట్టాడు. అదే 1910లో ‘ఆంధ్రభారతి’లో వచ్చిన ‘దిద్దుబాటు’.

రాత్రి ఒంటిగంట దాటాక ఇంటికొస్తాడు గోపాలరావు. మీటింగులంటూ భార్యకు చెప్పి, అతను వెళ్లేది సాని పాటకు. ఆ రాత్రి ఇంట్లో కమలిని లేదు, బల్ల మీద ఉత్తరం ఉంది. ‘ప్రియా’ అని మొదలవ్వాల్సిన చోట ‘అయ్యా’ అని ఉంది. ఆ ఒక్క పిలుపుతోనే అతని గుండె జారిపోతుంది.

పుట్టింటికెళ్లి ఆమెను తీసుకురమ్మని నౌకరు రాముణ్ని బతిమాలతాడు. తనకు బుద్ధొచ్చిందని చెప్పమంటాడు. ఏ మాట ఎలా అనాలో కూడా నేర్పుతాడు. అంతలో మంచం కింద నుంచి నవ్వు, గాజుల చప్పుడు!

కమలిని ఎక్కడికీ పోలేదు. తాను లేదనుకుని మొగుడన్న ప్రతి మాటా విన్నది. మన వెనక మనవాళ్లు మన గురించి ఏమనుకుంటారో వినాలని ఎవరికుండదు? ఆ అదృష్టం మామూలు జీవితంలో దొరకదు. కథలో దొరుకుతుంది. ప్రేమకథ చదివేవాళ్లంతా ఒకరకంగా ఆ మంచం కింద ఉన్నవాళ్లే.

ఒక్కోసారి అలా వినడం వల్ల గుట్టు కూడా బయటపడుతుంది. 1892లో విజయనగరంలో తొలిసారి ఆడిన ‘కన్యాశుల్కం’ సంగతి చూడండి. బుచ్చమ్మ దగ్గర గిరీశం ఎంత తియ్యగా మాట్లాడతాడో! పాపం, ఆమెకు వినిపించేవి ఆ మాటలే. మధురవాణితోనూ వెంకటేశంతోనూ అతను మాట్లాడేవి ప్రేక్షకులకూ వినిపిస్తాయి. అందుకే ఆమె నమ్ముతుంటే వీళ్లకు నవ్వూ వస్తుంది, భయమూ వేస్తుంది.

గోపాలరావు మాటను మాత్రం నమ్మాలనిపిస్తుంది. ఎందుకంటే అది ఆమెను మెప్పించడానికి ఆమె ఎదుట అన్నది కాదు.

చాలా ఇళ్లల్లో భార్య వంటను భర్త ఆఫీసులో పొగుడుతాడు. భర్త మంచితనాన్ని భార్య పక్కింటావిడకు చెబుతుంది. వినాల్సినవాళ్ల చెవిన మాత్రం ఆ మాట పడదు. అది ఇంట్లోనే ఒకసారి పైకి అనేస్తే, ఎవరూ ఉత్తరం రాయక్కర్లేదు, మంచం కింద దూరనక్కర్లేదు!