కారుకు జ్వరం

తెలుగు మేష్టరుకి కార్ల గొడవ ఎందుకని మీరు అడగబోతున్నారు. నాకు తెలుసు. వారంవారం ఈ పేజీలో ఏదో ఒక మాట పుట్టుక గురించో, సామెత వెనకున్న కథ గురించో చెప్పుకొచ్చేవాణ్ణి. అలాంటివాణ్ణి ఉన్నట్టుండి రేడియేటరనీ, రబ్బరు గొట్టమనీ మొదలుపెడితే మీరు కంగారుపడడంలో తప్పేమీ లేదు. కాని కాస్త ఓపిక పట్టండి. ఇదీ ఒక మాట కథే. ఆ మాట థర్మోస్టాట్. దాని అర్థం బోధపడడానికి నాకు రెండు నెలలూ, బోలెడు రూపాయలూ ఖర్చయినాయి. ఇంకొంచెం ఉంటే నా ముఖం కూడా ఖర్చయిపోయేదే.

మాది ఏలూరు. మా కారు మామగారిది. చూపు ఆనడం లేదని ఆయన నడపడం మానేసి, అల్లుడికి ఇచ్చేశారు. పదిహేనేళ్ళ బండి అయినా ఒళ్ళు దాచుకోకుండా పనిచేసేది. కిందటి వైశాఖంలో ఒకనాడు కాలేజీ నుంచి వస్తూంటే, ఎదురుగా వేడి చూపించే ముల్లు ఉండవలసిన చోట ఉండక ఎర్రగీత వైపు పాకింది. మర్నాడు ఏమీ ఎరగనట్టు మళ్ళీ నడుమకు వచ్చి కూచుంది. ఆ మూడోనాడు మళ్ళీ లేచింది.

షెడ్డుకు తీసుకుపోతే రేడియేటర్ పూడిపోయిందన్నారు. కడిగించాం. వారంరోజులు బాగానే ఉంది. మళ్ళీ ముల్లు లేస్తే, ఫ్యాను మోటారు నీరసించిందన్నారు. మార్పించాం. నాలుగు రోజులు గడిచాయో లేదో కథ మళ్ళీ మొదటికి వచ్చింది.

“ఏమండీ, అత్తయ్యగారికి జ్వరమొస్తే మీరిలాగే మొదట పళ్ళు కట్టించి, తరవాత కళ్ళజోడు మార్పిస్తారా?” అంది మా ఆవిడ. నేను విననట్టు ఊరుకున్నాను. జవాబు లేని ప్రశ్నలకు అంతకంటె మంచి మార్గం లేదు.

ఇంతలో బెజవాడలో మా తోడల్లుడి కూతురి పెళ్ళి వచ్చింది. అమ్మా, మా ఆవిడా, పదేళ్ళ మా అమ్మాయీ, నేనూ బయలుదేరాం. హనుమాన్ జంక్షన్ దాటి ఎంతోదూరం పోలేదు, బానెట్ సందుల్లోంచి ఆవిరి బుసకొట్టింది. రోడ్డుపక్క వేపచెట్టు కింద ఆపాను. బానెట్ ఎత్తాను. నీళ్ళు లేకనే కదా ఈ బాధంతా అనుకుని, ఒక చేతిలో నీళ్ళసీసా, రెండోచేతిలో తువ్వాలు పట్టుకుని రేడియేటర్ మూత మీద చెయ్యి వేశాను. మా అమ్మాయి నా మోచేతి పక్కనుంచి తొంగిచూస్తోంది.

“బాబూ! ఆగండాగండి! మూత తిప్పకండి!” అని వెనకనుంచి ఒక కేక వినిపించింది.

అదే చెట్టు నీడన లారీ ఆపుకుని అన్నం తింటున్న డ్రైవరు, ఎంగిలి చేత్తోనే పరుగెత్తుకొచ్చాడు. ముందు అమ్మాయిని రెక్కపట్టి అవతలికి లాగాడు. తరవాత తన ముంజేయి చాపి చూపించాడు. మోచేతి దాకా చర్మం ముడతలుపడి తెల్లగా ఉంది. “ఇది ఇలాంటి మూత తీసినందుకేనండి. నాకంటే చెయ్యితో పోయింది. మీ పాప ముఖం సరీగ్గా అక్కడే ఉంది” అన్నాడు.

నాకు కాళ్ళు వణికాయి. చెట్టుమొదట్లో కూలబడిపోయాను.

అందులో ఉన్న సంగతి ప్రతి వంటింట్లోనూ ఉన్నదే. తెరిచిన గిన్నెలో నీళ్ళు నూరు డిగ్రీల దగ్గర మరుగుతాయి. మూత బిగించి ఒత్తిడి పెంచితే నూరు దాటినా మరగవు. ప్రెషర్ కుక్కర్ పనిచేసేది ఇలాగే, రేడియేటర్ పనిచేసేదీ ఇలాగే. మూత తీసిన మరుక్షణం ఒత్తిడి పోయి, లోపలి నీరంతా ఒక్కసారి మరిగి ముఖాన చిమ్ముతుంది. ఆవిరి దిగని కుక్కర్ మూత తియ్యగూడదని మా అమ్మాయికి కూడా తెలుసు. ఎం.ఏ. చదివిన నాకు మాత్రం నడిరోడ్డు మీద గుర్తుకు రాలేదు.

ముప్పావుగంట పైగా ఆగాం. గొట్టం చేతికి చల్లగా తగిలాక ఆ డ్రైవరే మూత తీసి కొద్దికొద్దిగా నీళ్ళు పోశాడు. కాలుతున్న ఇంజను మీద ఒక్కసారిగా చన్నీళ్ళు గుమ్మరిస్తే ఇనుము చిట్లవచ్చునట. దారిలో ఒక షెడ్డు దాకా మెల్లగా పోయాం. అక్కడి మేస్త్రీ రెండు బోల్టులు విప్పి, బొంగరమంత ఇత్తడి బిళ్ళ ఒకటి పైకి తీసి, “ఇదేనండి దొంగ. పట్టేసింది. చలిదేశాల వాళ్ళకి కావాలి గాని మన ఎండలకి ఇదెందుకండీ?” అని, అది లేకుండానే బోల్టులు బిగించేశాడు. బిళ్ళను మా అమ్మాయి ఆడుకోవడానికి దాచుకుంది. మేము పెళ్ళికి అందుకున్నాం.

ఆ తరవాత ముల్లు లేస్తే ఒట్టు. జ్వరం తగ్గిందని సంబరపడ్డాను. నెల తిరిగేసరికి పెట్రోలు ఖర్చు పెరిగింది. ఎదర పలకమీద ఇంజను బొమ్మ దీపం పచ్చగా వెలిగి మరి ఆరలేదు. అప్పుడు దొరికాడు నా పాత శిష్యుడు.

ఇంటర్మీడియట్‌లో నా క్లాసులో ఆఖరి బెంచీలో కూచునేవాడు. ఉత్పలమాలకీ చంపకమాలకీ తేడా చెప్పమంటే కిటికీలోంచి చెట్లవైపు చూసేవాడు. ఇప్పుడు సొంతంగా షెడ్డు పెట్టుకున్నాడు. చేతిలో ఇమిడే యంత్రమొకటి కారుకు తగిలించి, “మాస్టారూ, పి 0128 అని చూపిస్తోంది. నీళ్ళు వేడెక్కవలసినంత వేడెక్కడం లేదని దానర్థం. థర్మోస్టాట్ ఏమయిందండీ?” అన్నాడు.

“మన ఎండలకి అక్కర్లేదటగా?” అన్నాను.

వాడు నవ్వాడు. “యతి తప్పితే పద్యం కుంటుతుందని మీరే కదండీ చెప్పారు. ఇంజనుకి యతిస్థానం ఇదేనండి.”

ఆనాడు పాఠం వినలేదనుకున్నాను. విన్నాడన్నమాట!

వాడు చెప్పింది చెప్పినట్టు రాస్తాను. ఇంజను చుట్టూ తిరిగే నీరు దాని వేడిని మోసుకుపోయి రేడియేటర్‌లో చల్లారి వస్తుంది. కాని పొద్దున్నే చల్లగా ఉన్న ఇంజనుకు చల్లార్చడం పనికిరాదు, వేడెక్కడం కావాలి. చల్లటి ఇంజనులో నూనె చిక్కగా ఉండి అన్ని మూలలకీ పాకదు. పెట్రోలు సరిగా ఆవిరి కాదు గనక ఎక్కువ పొయ్యవలసి వస్తుంది. మండినప్పుడు పుట్టే చెమ్మ ఎగిరిపోక, నూనెలో కలిసి జిగురుబురద అవుతుంది. అందుకని ఇంజనుకీ రేడియేటర్‌కీ నడుమ ఒక ద్వారపాలకుణ్ణి పెట్టారు. నీరు ఇంత వేడి ఎక్కేదాకా “ఆగు” అంటాడు. ఎక్కాక “పో” అంటాడు. మన కార్లలో చాలావాటికి ఈ తలుపు తెరుచుకునేది 82 డిగ్రీల దగ్గరో, 88 దగ్గరో. ఆ అంకె బిళ్ళ మీదే చెక్కి ఉంటుంది.

ఆ తలుపు తెరిచేది కరెంటు కాదు, మైనం. చిన్న లోహపు డిబ్బీలో మైనం కూరి ఉంటుంది. వేడికి కరిగి ఉబ్బి, ఒక పుల్లను బయటికి తోస్తుంది. ఆ తోపుకు తలుపు తెరుచుకుంటుంది. చల్లబడితే స్ప్రింగు మళ్ళీ మూసేస్తుంది. 1930ల నాటి ఈ ఉపాయం ఈనాటికీ మన బళ్ళలో నడుస్తోంది. అంతకు ముందు 1908లో వచ్చిన ఫోర్డు మోడల్ టీ కార్లలో, మొట్టమొదటి కొన్నింటిని మినహాయిస్తే, నీటిని తిప్పడానికి పంపు కూడా లేదు. వేడినీరు పైకి, చన్నీరు కిందికి తమంతట తామే తిరిగేవి.

కొన్ని ఇంజన్లలో ఈ బిళ్ళ మరో పని కూడా చేస్తుంది. పెద్ద తలుపు తెరుస్తూనే, నీరు చల్లారకుండా వెనక్కి మళ్ళే అడ్డదారిని మూసేస్తుంది. బిళ్ళను పీకేస్తే ఆ అడ్డదారి తెరిచే ఉండిపోతుంది. కొంత నీరు రేడియేటర్ ముఖం చూడకుండానే తిరుగుతుంది. ఎండలకు అక్కర్లేదని పీకిన బండి, ఆ ఎండలోనే మరిగిపోవచ్చు.

మీ కారుకు జబ్బు ఏదో ఇంట్లోనే నాడి చూడవచ్చు. రాత్రంతా చల్లారిన కారును పొద్దున్నే స్టార్టు చెయ్యండి. ఫ్యానుకు దూరంగా చెయ్యి పెట్టి, ఇంజను నుంచి రేడియేటర్ పైభాగానికి పోయే లావుపాటి గొట్టాన్ని తాకి చూడండి. కొన్ని నిమిషాలు చల్లగా ఉండి, ముల్లు నడుమకు వచ్చే వేళకు గబుక్కున వేడెక్కితే ద్వారపాలకుడు మేలుకునే ఉన్నాడు. మొదటినుంచీ గోరువెచ్చగా అవుతూ, ముల్లు ఎంతకీ లేవకపోతే తలుపు తెరుచుకుని పట్టేసింది. ముల్లు ఎర్రగీతకు పోతున్నా గొట్టం చల్లగానే ఉంటే తలుపు మూసుకుని పట్టేసి ఉండాలి. అయితే నీళ్ళు తక్కువైనా, పంపు చెడినా ఇలాగే ఉంటుంది గనక వాటినీ చూసి మరీ తేల్చుకోవాలి. మాకు ఈ చిన్న పరీక్ష మొదటే ఎవరైనా చేసి ఉంటే రేడియేటర్ జోలికీ, ఫ్యాను జోలికీ పోయేవాళ్ళం కాదు. బిళ్ళ ఖరీదు కొన్ని వందలే.

కొత్త బిళ్ళ కొన్నాక శిష్యుడు ఇంకో పరీక్ష చెప్పాడు. పాతదాన్నీ కొత్తదాన్నీ దారానికి కట్టి, నీళ్ళలో వేలాడదీసి, పొయ్యిమీద కాచి చూడమన్నాడు. మా ఆవిడ వంటగిన్నె ఇవ్వనంది. ఆమె మాటే సబబు. కారులో పోసే కూలెంటులో ఉండే ఇథిలీన్ గ్లైకాల్ విషం. పైగా రుచికి తియ్యగా ఉంటుంది. పిల్లలకీ కుక్కలకీ అందనియ్యకూడదు. మా అమ్మాయి చేతినుంచి పాతబిళ్ళను ఆరోజే లాక్కుని, దాని చేతులు కడిగించాం. చివరికి ఒక పాత రేకుడబ్బా దొరికింది. జ్వరం చూసే థర్మామీటర్ దీనికి పనికిరాదు, పగిలి కూచుంటుంది. మా కాలేజీ కెమిస్ట్రీ లెక్చరరుగారి దగ్గర నూరు దాటి చూపించేది అరువు తెచ్చాను.

ఇంటిల్లిపాదీ పొయ్యిచుట్టూ చేరాం. 82 దగ్గర కొత్తబిళ్ళ సన్నగా నోరు తెరిచింది. 95 వచ్చేసరికి పూర్తిగా ఆవులించింది. పాతది మాత్రం నీళ్ళు కుతకుత ఉడుకుతున్నా పళ్ళు బిగించుకుని ఉండిపోయింది. అమ్మాయి చప్పట్లు కొట్టింది. “పాపం, ముసలిదైపోయింది” అంది మా అమ్మ.

బిగించే పని శిష్యుడు చేశాడు, నేను దీపం పట్టాను. ఇంజను పూర్తిగా చల్లారాక కొంత నీరు కిందికి తీసేశాడు. గొట్టం చివరనున్న మూతకు బోల్టులు విప్పి, అంటుకుపోయిన పాత గాస్కెట్టును గీకి శుభ్రం చేశాడు. బిళ్ళ స్ప్రింగు ఇంజను వైపుకు ఉండాలి. అంచున ఉండే చిన్న రంధ్రం పైకి ఉండాలి, చిక్కుకున్న గాలి పోయేది అందులోంచే. కొత్త గాస్కెట్టు వేసి, బోల్టులు రెండూ కొద్దికొద్దిగా, సమంగా బిగించాడు. కూలెంటూ, డిస్టిల్డు వాటరూ చెరిసగం పోశాడు. బోరునీళ్ళు పోస్తే లోపల ఉప్పు పేరుకుంటుందట. మూత తీసి ఉంచే ఇంజను స్టార్టు చేసి, బుడగలు ఆగేదాకా నీరు నింపుతూ వచ్చి, అప్పుడు మూత బిగించాడు.

దారిలో ముల్లు ఎర్రగీత ముడితే ఏం చెయ్యాలో కూడా చెప్పి ముగిస్తాను. ఏ.సి. కట్టెయ్యండి. పక్కకు తీసి ఆపండి. “ఇంకెంత, నాలుగు మైళ్ళేగా” అనుకోకండి. ఆ నాలుగు మైళ్ళలో ఇంజను హెడ్ వంగిపోతే బిళ్ళ ఖరీదుకు ఎన్నో రెట్లు వదులుతుంది. పిల్లల్ని దూరంగా ఉంచండి. గొట్టం చల్లబడేదాకా మూత ముట్టుకోకండి.

ఇక మాట సంగతి. థర్మోస్టాట్ అన్న పేరును 1830లో వాడుకలోకి తెచ్చినవాడు ఆండ్రూ యూర్ అనే స్కాట్లండు రసాయనవేత్త. గ్రీకులో థెర్మోస్ అంటే వేడి, స్టాటోస్ అంటే నిలిచినది. ఈ రెండూ మనకు పరాయివి కావు. థెర్మోస్‌కు సంస్కృతంలో ఘర్మం జ్ఞాతి. ఘర్మజలమని చెమటను అంటాం కదా, అదే. పారశీకం నుంచి మన మసాలాలోకి వచ్చిన “గరం” కూడా ఆ ఇంటిదే. స్టాటోస్‌కు దగ్గర చుట్టం మన “స్థితం”. స్థితప్రజ్ఞుడిలో ఉన్నదీ, స్థానంలో ఉన్నదీ ఆ ధాతువే. వెరసి థర్మోస్టాట్ అంటే వేడిని నిలవవలసిన చోట నిలిపేది.

ఇన్నేళ్ళు ధాతువులు చెప్పి బతికినవాణ్ణి, ఈ మాటను విడదీసి చూడాలని ఆ మేస్త్రీ బిళ్ళ పీకేనాడు తోచలేదు. మొన్న మళ్ళీ బెజవాడ వెళ్ళాం. ముల్లు నడుమనే నిలిచింది. హనుమాన్ జంక్షన్ అవతల ఆ వేపచెట్టు కింద కారు ఆపాను. ఆ లారీడ్రైవరు కనిపిస్తాడేమోనని కాసేపు చూశాం. పేరు కూడా అడగలేదు ఆనాడు. మా ఆవిడ అతనికోసమని డబ్బాలో పెట్టి తెచ్చిన అరిసెలు అలాగే ఉండిపోయాయి.