ఒక్క పాయింటు దూరంలో

ఆటలను గురించి అల్లే కథలలో ఒక ఆనవాయితీ ఉన్నది. ఎవరూ లెక్కచేయని జట్టు బరిలో దిగుతుంది. తొలి పోటీలోనే మహామహులను మట్టి కరిపిస్తుంది. జపానులో 1993 అక్టోబరు నుండి 1996 మార్చి వరకు 101 భాగాలుగా టెలివిజన్‌లో ప్రసారమైన ‘స్లామ్ డంక్’ అనే యానిమే ఈ ఆనవాయితీని మన్నించలేదు. తకెహికో ఇనోవే రచించిన బొమ్మల కథ దీనికి మూలం. విద్యార్థి దశలో తానూ బాస్కెట్‌బాల్ ఆడినవాడు కావడం చేతనేమో, ఆయన తన కథానాయకునికి గెలుపును అంత చౌకగా అందించలేదు.

ఆ కథానాయకుడు సకురగి హనమిచి. ఎర్ర జుట్టు, ఆరడుగులు దాటిన పొడవు, తగవులమారి స్వభావం. షోహోకు పాఠశాల జట్టులో అతడు చేరినది ఆటమీది మక్కువతో కాదు, జట్టు నాయకుడు అకాగి చెల్లెలైన హరుకో మెప్పుకోసం. బంతిని ఎగిరి బలంగా బుట్టలో కుదేసే ‘డంక్’ తప్ప మరేదీ అతని కంటికి ఆనదు. బుట్ట దగ్గరకు పరుగెత్తి బంతిని మెల్లగా వదలిపెట్టే షాటుకు ‘సామాన్యుల షాటు’ అని పేరుపెట్టి ఈసడిస్తాడు.

అతని తొలి పరీక్ష ర్యోనాన్ పాఠశాలతో సన్నాహక పోటీ. ప్రత్యర్థులలో 202 సెంటీమీటర్ల ఉవోజుమి ఉన్నాడు. అంతకంటె ప్రమాదకారి సెండో. నీవు మా రహస్యాస్త్రానివని వృద్ధ శిక్షకుడు అన్‌జాయ్ బుజ్జగించి సకురగిని బల్లమీదనే కూర్చోబెట్టాడు. ఆ పెద్దమనిషి గడ్డం కింది కండను పట్టి ఊపుతూ మారాం చేసినా ఫలితం లేకపోయింది. ఇంతలో ఉవోజుమి మోచేయి తగిలి అకాగికి గాయమైంది. పిలుపు వచ్చింది.

అప్పుడు కాళ్లు కదలలేదు. తెర లేవగానే పద్యం మరచిపోయిన నటుని స్థితి అది. అంతవరకు ప్రగల్భాలు పలికిన కుర్రవాడు కొయ్యబారిపోయాడు. అతనిని మామూలు మనిషిని చేసినది ఓదార్పు కాదు, పగవానిగా తాను భావించే సహచరుడు రుకావా వెనుకనుండి తన్నిన తన్ను! కోపం రాగానే భయం పోయింది. ఇనోవేకు కుర్రకారు మనసు బాగా తెలుసు.

ఆఖరి ఘడియలలో షోహోకును ఒక్క పాయింటు ముందుకు తెచ్చినది సకురగియే. అది డంక్ కాదు, తాను ఈసడించిన ఆ సామాన్యుల షాటే. బంతిని విసరకుండా, బుట్ట దగ్గర ఉంచి రావాలన్న సలహా అక్కడ పనికివచ్చింది.

షోహోకు ఆటగాళ్లు గంతులు వేశారు. గడియారంలో ఇంకా కొన్ని సెకన్లు మిగిలి ఉన్నవి. సెండోకు అవి చాలినవి. ర్యోనాన్ 87, షోహోకు 86.