సేనాని కూలిన తరువాత

బల్లపై పఱచిన పచ్చని గుడ్డను రణక్షేత్రముగను, పుస్తకముల దొంతరలను కొండలుగను, బొటనవ్రేలెత్తు బొమ్మలను సేనావాహినిగను భావించి, టేపుతో దూరములు కొలిచి, పాచికలు వేసి జయాపజయములను నిర్ణయించుకొను యుద్ధక్రీడ యొకటి పాశ్చాత్యదేశములనుండి వచ్చి మన నగరయువకుల వినోదములలో చేరినది. పగలెల్ల హైదరాబాదు చిక్కడపల్లిలోని నగర కేంద్ర గ్రంథాలయమున గ్రూప్స్ పరీక్షల పుస్తకములపై వంగి కూర్చుండి, రాత్రికి అశోక్‌నగరు సందులలోని యద్దెగదులకు చేరిన పిల్లలు కొందఱు, నిద్రకు ముందు గంటసేపు దీనికి వెచ్చించుటను నేనెఱుగుదును; అందులకు వారిని తప్పుపట్టను. నేను తప్పుపట్టునది వేఱొకటి. సేనాపతి బొమ్మ పడిపోయిన మఱుక్షణమున "జనరల్ పోయాడురా, ఇంకేముంది, సర్దేద్దాం" అని యొకడనుటయు, సగమునకు మించిన సైన్యము చెక్కుచెదరక నిలిచియుండగనే బొమ్మలన్నియు అట్టపెట్టెలోనికి పోవుటయు వారికి రివాజైనది. ఆటలో రుచిగల భాగము అప్పుడే మొదలగుచున్నదని నా వాదము.

ఈ తొందరపాటునకు కొంత కారణము మన వీథులలోనే యున్నదని నా యనుమానము. చిక్కడపల్లినుండి నాలుగడుగులు వేసినచో ఆర్టీసీ క్రాస్ రోడ్స్ వచ్చును. సంధ్య, దేవి, సుదర్శన్ వంటి సినిమాహాళ్ల మూలమున తెలుగునాడెల్ల ఎఱిగిన యా కూడలిలో, ఇంటర్వెల్‌కు ముందే కథానాయకుడు మరణించి, తక్కిన కథను అతని అనుచరులు నడపుకొనిపోయిన చిత్రమునకు మఱునాడు టిక్కెట్టు కొనువా డుండునా? కటౌటు కట్టించుకొన్నవాడు కూలెనా, కథ ముగిసినదే. పద్యనాటకములు చూచి పెరిగిన వెనుకటి తరమువారికి మాత్రము, ఒక సేనాని పడిన పిదప మఱొకడు అభిషిక్తుడై రంగమునకు వచ్చుట క్రొత్త సంగతి కాదు. దానిని గూర్చి ముందు చెప్పెదను.

అసలీ యాటలో సేనాపతి యెవ్వడో మొదట తెలిసికొనవలెను. ఆజ్ఞలిచ్చువాడు బల్ల ప్రక్కన కుర్చీలో కూర్చున్న యాటగాడు. వానికి గాయము తగులదు. బల్లపై నిలిచిన సేనాపతి ప్రతిమ యొక్క మాటయు ఆడదు, ఒక్క యుపాయమును పన్నదు. అట్టిచో ఆ ప్రతిమ పడినప్పుడు పోయిన దేమి? ఈ ప్రశ్నతోనే యుద్ధక్రీడానిర్మాతలు రెండువందల యేండ్లకు పైగా కుస్తీపట్టుచున్నారు. 1780లో జర్మను దేశమున బ్రన్స్‌విక్ నగరవాసి హెల్విగ్ చదరంగమునే పెంచి విస్తరించి యొక యుద్ధక్రీడను కల్పించెను. 1812లో రైస్విట్జ్ అను నధికారి ప్రష్యా రాజునకు బల్లమీద ఆడదగిన యుద్ధక్రీడా పరికరమును సమర్పింపగా, సైన్యమున నుద్యోగియైన యతని కుమారుడు దానిని సంస్కరించి, 1824లో, పటములపై ఆడుటకు వీలుగ నియమావళి వ్రాసి ప్రకటించెను. ఆ పద్ధతిలో ఆటగాండ్రు తమ యాజ్ఞలను కాగితముపై వ్రాసి మధ్యవర్తి కీయవలెను. ఆ కాగితము గుఱ్ఱపురౌతుతో నిజముగ ప్రయాణము చేసినచో ఎంతకాలము పట్టునో అంతకాలము గడచినగాని దళము కదలదు. ప్రష్యా సేనాముఖ్యుడు ముఫ్లింగ్ ఆ క్రీడను చూచి యబ్బురపడి సైన్యమునకెల్ల దానిని సిఫారసు చేసెను. సేనాని విలువ అతని ఖడ్గమున గాక, అతని మాట పదిమందికి సకాలమున చేరుటలో నున్నదని గ్రహించిన మొదటి యాట యిదియే యని నేననుకొందును. తరువాత 1913లో ఇంగ్లీషు రచయిత హెచ్.జి. వెల్స్ ‘లిటిల్ వార్స్’ అను పుస్తకముతో ఈ క్రీడను ఇంటి నేలమీదికిని, సీసపు సైనికులమీదికిని, బొమ్మ ఫిరంగిమీదికిని తెచ్చెను. ఆయన యాటలో ఫిరంగి గుండు తగిలిన బొమ్మ పడును.

ప్రపంచమున మిక్కిలి ప్రచారము పొందిన ‘వార్‌హామర్’ను ఇంగ్లండులోని గేమ్స్ వర్క్‌షాప్ వారు 1983లో వెలువరించిరి. దాని పెక్కు కూర్పులలో చక్కని నియమ మొకటి కలదు. సేనానికి 12 అంగుళముల లోపల నున్న దళములు, భయపడి పాఱిపోవలసిన ఘట్టము తటస్థించినప్పుడు, తమ ధైర్యాంకమునకు బదులు సేనాని ధైర్యాంకమును వాడుకొనవచ్చును. రెండు పాచికలు వేయగా వచ్చిన మొత్తము ఆ యంకమును మించకున్నచో దళము నిలుచును, మించినచో పరుగు లంకించుకొనును. సేనాని యంకము 9 యనియు, సామాన్యదళపు టంకము 7 అనియు అనుకొందము. రెండు పాచికలు పడు 36 విధములలో మొత్తము 9కి మించనివి 30. 7కు మించనివి 21. అనగా సేనాని పోయిన పిదప ఆ దళము నిలిచి పోరాడు నవకాశము ఆఱింట అయిదు వంతులనుండి పండ్రెండింట ఏడు వంతులకు దిగినది. నష్టము పెద్దదే, కాని సగముకంటె ఎక్కువ యింకను చేతిలో నున్నది కదా! పగలెల్ల సంభావ్యత లెక్కలు సాధన చేయు విద్యార్థులే రాత్రి యీ చిన్న లెక్క వేసికొనక బొమ్మలు సర్దుట నాకు వింతగ తోచును.

అదే సంస్థవారి ‘వార్‌హామర్ 40,000’ అను వేఱొక యాట, 2012 నాటి కూర్పులో, శత్రుసేనానిని కూల్చినవానికి ఒక్క విజయాంకము నిచ్చినది. కీలకస్థానమును కడవఱకు నిలబెట్టుకొన్నవానికి పెక్కు సందర్భములలో 3 ఇచ్చినది. తలకొకటి, నేలకు మూడు. ఈ తూకము నాకు సమ్మతము. 1990లో వెలువడి, డి.బి.ఏ. అను పొట్టిపేరుతో వ్యవహరింపబడు ప్రాచీనయుద్ధముల యాట యొకటి కలదు. అందు పక్షమునకు 12 దళములే. వానిలో సేనాని దళ మొకటి. తొలి కూర్పులలో ఆ దళము పోయి, మొత్తముమీద నష్టము శత్రువుకంటె ఎక్కువైనచో అంతటితో ఓటమి. చక్కని యాటయే గాని, ఈ నియమము మాత్రము నాకు రుచింపదు. అచట సర్దుడుపెట్టెను నియమావళియే తెచ్చి ముందుంచుచున్నది.

చదరంగమున రాజు చిక్కినచో ఆట ముగియుట లేదా యని యడుగువా రుందురు. 2001లో పెంటేల హరికృష్ణయు, 2002లో కోనేరు హంపియు గ్రాండ్‌మాస్టర్లైన నేల మీద ఆ ప్రశ్న సహజమే. కాని చదరంగపు రాజు సేనాని కాడు, కాపాడబడవలసినవాడు. అన్ని దిక్కులకును పాఱి యుద్ధము చేయు సేనాని మంత్రియే. ఆ మంత్రి పోయిన పిదపను బంటును చివరి గడికి నడిపి మరల మంత్రిని తెచ్చుకొను మార్గము ఆ క్రీడలోనే కలదు. మన పులిమేక యాటలో నైతే 3 పులులకు ఎదురు నిలిచిన 15 మేకలకు నాయకుడే లేడు. ఒక్కొక్కటి పులివాత పడుచున్నను తక్కినవి చోటు విడువక కూడి నిలిచి, తుదకు పులులను కదలనీయక కట్టివేయును.

ఇక భారతయుద్ధము. పాండవులవి 7 అక్షౌహిణులు, కౌరవులవి 11. భీష్ముడు 10 దినములు, ద్రోణుడు 5, కర్ణుడు 2, శల్యుడు అర్ధదినము కౌరవసేనకు ఆధిపత్యము వహించిరి. ఒక్కొక్కడు కూలినప్పుడెల్ల ఆ సేన చెదరినది, పాఱినది, మరల కూడినది. మన మాలోచింపని విషయ మొకటి యిందున్నది. భీష్మ, ద్రోణ, కర్ణ, శల్యపర్వములను నాలుగు యుద్ధపర్వముల పేర్లును ఓడిన పక్షపు సేనానులవే. యుద్ధము మొదలుకొని తుదివఱకు పాండవసేనను నడిపిన ధృష్టద్యుమ్నుని పేర ఒక్క పర్వమును లేదు. విరాటపర్వము మొదలు 15 పర్వములను తెనిగించి ఆ యుద్ధమును మన యింటి కథగ చేసిన తిక్కనయు ఆ పేర్లను అట్లే యుంచెను. కథ యే పక్షమున నున్నదో వ్యాసునకు తెలియును. సేనాని మాఱని పక్షమునకు చరిత్ర యొక్కటే; మాఱిన పక్షమునకు మాఱినప్పుడెల్ల క్రొత్త కథ, క్రొత్త వ్యూహము, పాత యసూయలు, క్రొత్త యాశలు. భీష్ము డుండగా అస్త్రము పట్టనన్న కర్ణుడు, భీష్ముడు పడినగాని రంగమునకు రాలేదు గదా!

తుదకు తొడలు విఱిగి నేలబడిన దుర్యోధనుడు అశ్వత్థామకు అయిదవ సేనాపతిగ అభిషేకము చేయించెను. 11 అక్షౌహిణులలో ఆనాటికి మిగిలినది అశ్వత్థామ, కృపుడు, కృతవర్మ, మువ్వురే. మన యశోక్‌నగరు పిల్లలు ఆ స్థితిలో నుండినచో బొమ్మలతోపాటు బల్లను గూడ మడిచియుందురు. ఆ రాత్రి పాండవశిబిరమున జొరబడి ఆ మువ్వురు చేసినది ఘోరము, అధర్మము. దానిని మెచ్చుకొను వాడను గాను. అయినను, గెలిచితిమని నమ్మి నిద్రించిన ధృష్టద్యుమ్నుడు చచ్చినది ఆ రాత్రియే. విజేతల సేనాని యుద్ధము ముగిసిన పిదప పోయినాడు.

ఇట్టిదే మన యుత్తరాంధ్రమునను జరిగినది. 1757 జనవరి 24న ఫ్రెంచి సేనాని బుస్సీ ఫిరంగుల యండతో విజయనగరప్రభువు పూసపాటి విజయరామరాజు బొబ్బిలికోటను పట్టెను. బొబ్బిలిదొర రంగారావు కోటతోనే గతించెను. దొర పోయిన పక్షమువాడు తాండ్ర పాపారాయుడు రాత్రివేళ విజయరామరాజు డేరాలో దూఱి, అతనిని చంపి, తానును చచ్చెను. దీని తరువాతి భాగమును బుఱ్ఱకథలు చెప్పవు గాని, నా వాదమునకు అదియే ముఖ్యము. విజయనగరసేన చెదరిపోలేదు. గద్దెనెక్కిన ఆనందగజపతిరాజు ఫ్రెంచివారి మైత్రిని విడిచి, ఇంగ్లీషువారిని పిలిపించెను. 1758 డిసెంబరులో చందుర్తివద్ద కర్నల్ ఫోర్డు ఫ్రెంచి సేనను ఓడించెను. మఱుసటి ఏప్రిలులో మచిలీపట్టణము పట్టువడెను. ఒక సేనాని మరణము పక్షమును అంతమొందింపక, దాని ముఖమునే త్రిప్పివేసినది.

దీనికి విపర్యయముగ నడచినది 1565 జనవరి 23 నాటి తళ్లికోట యుద్ధము. దానికిని మన పేటకును దూరపు చుట్టఱికమున్నది. ఇందిరాపార్కు దాటగనే కనబడు హుస్సేన్‌సాగరము ఇబ్రహీం కుతుబ్‌షా కాలపు చెఱువు. ఆ యిబ్రహీము యౌవనమున, ఉత్తరాంధ్రపుది గాక రాయల రాజధానియైన విజయనగరమున, అళియ రామరాయల యాశ్రయమున నేండ్లకొలది గడపి, తరువాత ఆయనపై కూడిన సుల్తానులలో ఒకడైనాడు. వృద్ధుడైన రామరాయలు రణమున పట్టుబడి వధింపబడుటయు, ఆ శిరస్సును ఈటెకు గుచ్చి యెత్తగా చూచి విజయనగరసేన పాఱిపోవుటయు చరిత్రకారుడు ఫెరిస్తా వ్రాసినాడు. కాని పోయినది రాజు కాడు! సింహాసనముపైనున్న సదాశివరాయలు క్షేమముగ నుండెను. రామరాయల తమ్ముడు తిరుమల సజీవుడై యుండెను. రాజును, ధనమును వెంటబెట్టుకొని అతడు పెనుగొండకు తరలిపోగా, కాపులేని మహానగరము కొల్లపోయినది. అరవీటివారు పెనుగొండ, చంద్రగిరి, వేలూరులనుండి మఱియెనుబదియేండ్లు రాజ్యము చేసిరనగా, ఆడుటకు వలసిన బలము వారికడ నుండినదనియే కదా! సమస్తాధికారమును ఒక్క వృద్ధుని చుట్టు 12 అంగుళములలోనే పొదిగియుంచుటయు, అతని పిదప రణమధ్యమున ఆజ్ఞ యెవ్వరిదో ముందుగ నిర్ణయింపకపోవుటయు ఆనాటి ముఖ్యదోషములని నా తీర్పు. చరిత్రకారులు వేఱు కారణములు పెక్కు చెప్పుదురు, చెప్పనిండు.

కనుక యువకులకు నాదొక ప్రతిపాదన. ఆట మొదలగుటకు ముందు ప్రతి యాటగాడును, తన సేనాని పిదప అధికారము వహించు దళపతి పేరును, అతని పిదపవాని పేరును చీటిపై వ్రాసి, మడిచి, బల్ల మూలనుంచవలెను. సేనాని పడినచో ఆ పక్షము ఒక వంతు క్రొత్త యాజ్ఞలు లేక గడపవలెను; గందరగోళమునకు ఆమాత్రము మూల్యము న్యాయము. పిదప చీటి విప్పి, అందలి దళపతి తన తక్కువ ధైర్యాంకముతోనే సేనను నడపవలెను. ఎవ్వరి పేరు వ్రాయవలెనన్న యాలోచనయే సగము యుద్ధవిద్య.

ఇందుండి పరీక్ష తప్పిన విద్యార్థికి నీతి యొకటి తీయుదునని పాఠకు లెదురుచూచుచుందురేమో. అశోక్‌నగరు గోడలనిండ కోచింగు సెంటర్ల ప్రకటనలు అట్టి నీతులను నిత్యము బోధించుచునేయున్నవి. నా సాయము వానికి అక్కఱలేదు.

విదేశీ బొమ్మల వెల యీ పిల్లలకు అందుబాటులో లేదు. అట్టముక్కలపై చిత్రములంటించి ఆడుకొనుచున్నారు. పొణికికఱ్ఱతో చేసిన కొండపల్లి అంబారీ యేనుగు సేనాపతి స్థానమునకు మిక్కిలి తగినదని వారికి మనవి. నగర కేంద్ర గ్రంథాలయమువారో, నారాయణగూడ వై.ఎం.సి.ఏ. వారో ఆదివారము సాయంకాలములందు వరండాలో ఒక పొడవైన బల్లవేసి, చదరంగమునకును, పులిమేకకును, ఈ క్రొత్త క్రీడకును చోటిచ్చినచో ఖర్చు పెద్దగ నుండదు. పాచికల చప్పుడువలన చదువరులకు భంగము కలుగునని అధికారులు తప్పక అభ్యంతరము చెప్పుదురు. అట్టపెట్టె మూతలో పాత దుప్పటిముక్క పఱచి, పాచికలను అందులో వేయుమనవచ్చును; ప్రక్క గదికి వినబడదు.