ఎద్దు నొప్పికి మందు ఎవరు రాయాలి?

గుంటక తోలే ఎద్దు కుంటిందంటే రైతుకు చెయ్యి విరిగినట్లే. మిరపచేలో కలుపు పెరిగిపోతుంది, అదను దాటిపోతుంది. ఆ తొందరలో పశువుల డాక్టరు కోసం కాచుకు కూర్చోవడం కంటే టౌనులో మందుల షాపుకు వెళ్లి నొప్పి సూది అడిగి తెచ్చుకోవడమే తేలికగా కనిపిస్తుంది. సాయంత్రానికి ఎద్దు నడుస్తుంది. సూది వేసినవాడికి పేరొస్తుంది. ఆ సీసాలో ఉన్నది ఏ మందో, ఎద్దు అసలెందుకు కుంటిందో మాత్రం ఎవరూ అడగరు.

నొప్పి మందు వాపును, బాధను అణచగలదు. గిట్టలో దిగిన ముల్లును అది తీయదు, చీమును కడగదు. నొప్పి తెలియని పశువు దెబ్బతిన్న కాలిమీదనే బరువు మోపుతుంది. నాలుగు రోజుల విశ్రాంతితో పోయేది శాశ్వతమైన అవిటితనంగా మారవచ్చు. బండలాగుడు పోటీలకు పేరుపడిన ప్రాంతమిది. కుంటే ఎద్దుకు సూది పొడిచి బండకు కట్టడాన్ని వైద్యం అనలేము. ఒంగోలు జాతి కోసం లాం ఫారంలో పరిశోధన కేంద్రం నడుస్తున్న జిల్లాలో ఈ మాట చెప్పవలసి రావడమే విచారకరం.

ఇక ఏ మందు అన్న ప్రశ్న. ఊరి బయట చచ్చిన గొడ్డును వేస్తే రాబందులు గుంపుగా దిగి గంటల్లో ఎముకలు మిగల్చడం పెద్దవారికి గుర్తుండే ఉంటుంది. ఆ రాబందులు ఇప్పుడేవి? 1990 తర్వాత మన దేశంలో వాటిలో మూడు జాతులు నూటికి తొంభై అయిదు పాళ్లకు పైగా నశించాయి. కారణం డైక్లోఫెనాక్ అనే నొప్పి మందు అని 2004లో తేలింది. చావుకు ముందు ఆ సూది పడిన పశువు మాంసం తిన్న రాబందుకు మూత్రపిండాలు చెడి, కొద్ది రోజుల్లోనే నేలరాలుతుంది. నూరు కళేబరాలలో ఒక్కదానిలో ఆ మందున్నా జాతి కూలిపోవడానికి చాలునని శాస్త్రజ్ఞుల లెక్క. రాబందులు పోయాక ఆ కళేబరాలు కుక్కల పాలయ్యాయి. కుక్కలు పెరిగినచోట పిచ్చికుక్క కాటు భయమూ పెరిగింది.

2006లో పశువులకు డైక్లోఫెనాక్ తయారీని కేంద్రం నిలిపివేసింది. అయితే మనుషుల కోసం తయారైన పెద్ద సీసాలు పశువుల కొట్టాలకు చేరాయి. అందుకే 2015లో ఆ సూది మందును మూడు మిల్లీలీటర్ల ఒక్క మోతాదు సీసాలకే పరిమితం చేశారు. ఎద్దుకు ఒక్కసారికే అలాంటివి అరడజను దాకా కావాలి. 2023లో కీటోప్రొఫెన్, ఎసిక్లోఫెనాక్ మందులను, ఆ తర్వాత నిమెసులైడ్‌ను కూడా పశువులకు నిషేధించారు. రైతుకు నష్టమేమీ లేదు. మెలాక్సికామ్ అదే పని చేస్తుంది, రాబందుకు హాని చేయదు. టోల్ఫెనామిక్ ఆమ్లమూ అలాంటిదే.

చేను కాపలా కుక్క కుంటితే ఇంట్లో ఉన్న నొప్పి బిళ్ళ అన్నంలో కలిపి పెట్టడం మరో అలవాటు. మనిషికి సరిపడే ఐబూప్రొఫెన్ కుక్క కడుపులో పుండ్లు పుట్టిస్తుంది, మూత్రపిండాలను చెడగొడుతుంది. పిల్లికైతే ఒక్క పారాసిటమాల్ బిళ్ళే ప్రాణాంతకం. గుంటూరు బజార్లలో జట్కాలు కనుమరుగయ్యాయి గాని, గుర్రానికైనా మోతాదు మించితే పేగుల్లో పుండ్లు తప్పవు.

రైతును తప్పుపట్టి ఊరుకుంటే లాభం లేదు. పశువుల ఆసుపత్రికి వెళితే డాక్టరు ఉండాలి, మెలాక్సికామ్ ఉండాలి. 1962కు ఫోను చేస్తే సంచార వాహనం అదను దాటకముందే రావాలి. పాడి గేదెకు సూది వేసినవారు ఎన్ని పూటల పాలు వాడకూడదో చెప్పి వెళ్లాలి. చీటీ లేకుండా నొప్పి సూదులు అమ్మే షాపులను ఔషధ తనిఖీ అధికారులు ఇప్పటికైనా చూడాలి. ఒకే మనిషికి డజన్ల కొద్దీ చిన్న సీసాలు పోతున్న బిల్లులతో మొదలుపెడితే, అవి ఎవరి కొట్టానికి చేరుతున్నాయో తెలుసుకోవడం కష్టం కాదు.